లూసిడ్ డ్రీమ్ కోసం ఏ దారి? సాధన, మాస్క్, యాప్, మాత్ర, మెదడుకు కరెంటు: ఒక పోలిక

కలలో ఉండగానే ఇది కల అని తెలిసిపోవడం, తెలిశాక కూడా మెలకువ రాకుండా ఆ కలలోనే తిరగడం. లూసిడ్ డ్రీమ్ అంటే ఇంతే. ఇదేమీ అరుదైన సిద్ధి కాదు. యాభై ఏళ్ల పరిశోధనలను కలిపి లెక్కేసి 2016లో ప్రచురించిన ఒక విశ్లేషణ ప్రకారం నూటికి 55 మందికి జీవితంలో ఒక్కసారైనా ఇలాంటి కల వచ్చింది. నెలకోసారైనా వచ్చేవాళ్లు 23 మంది.

దానంతట అది వచ్చే కలను కావాలనుకున్న రాత్రి రప్పించుకోవడం ఎలా అన్న దగ్గరే గందరగోళమంతా. పడుకునే ముందు ఒక వాక్యం అనుకోమని ఒకరంటారు. ఎర్రలైట్లున్న మాస్క్ కొనమని ఇంకొకరంటారు. యాప్‌లున్నాయి, మాత్రలున్నాయి, నుదుటికి తగిలించుకునే యంత్రాల ప్రకటనలున్నాయి. సినిమాల్లోలా మీట నొక్కగానే కోరుకున్న కలలోకి దింపే యంత్రం మాత్రం ఎక్కడా లేదు. ఉన్నవాటిలో ఎవరికి ఏది పనికొస్తుందో చూద్దాం.

నా అభిప్రాయం ముందే చెప్పేస్తాను. ఏ వస్తువైనా కల లోపలికి ఒక సైగ మాత్రమే పంపగలదు. ఆ సైగ అందినప్పుడు "ఓహో, ఇది కల" అని పట్టుకోవాల్సింది మీరే. పట్టుకునే అలవాటు పగటిపూట అయితేనే డబ్బు పెట్టి కొన్నది పనికొస్తుంది. ఆ అలవాటు బాగా అయ్యాక చాలామందికి కొనాల్సిన అవసరమే రాదు.

## ముందు వేటిని బట్టి పోల్చాలి

అన్నిటికంటే ముందు చూసుకోవాల్సింది నిద్ర. కలలు చిక్కగా వచ్చేది రెమ్ నిద్రలో. కళ్లు మూతపడి ఉన్నా రెప్పల కింద గుడ్లు చకచకా కదులుతుంటాయి, మెడ కిందినుంచి కండరాలు దాదాపు చచ్చుబడి ఉంటాయి. సుమారు గంటన్నరకొకసారి ఈ దశ వస్తుంది. రాత్రి మొదట్లో కొద్ది నిమిషాలే ఉండేది, తెల్లవారేకొద్దీ సాగుతూ పోతుంది. తెల్లవారుజాము కల నిజమవుతుందని మన పెద్దవాళ్లు అంటారు కదా, గుర్తుండేంత స్పష్టమైన కలలు ఎక్కువగా ఆ వేళే వస్తాయి. అందుకే లూసిడ్ డ్రీమ్ పద్ధతులన్నీ రాత్రి చివరి రెండు మూడు గంటల మీదే గురిపెడతాయి. మనకు బాగా కావాల్సిన నిద్ర కూడా అదే. కాబట్టి ఏ పద్ధతినైనా అడగాల్సిన మొదటి ప్రశ్న: ఇది నా నిద్రలోంచి ఎంత తీసుకుంటుంది?

రెండోది రుజువు. 1975 ఏప్రిల్‌లో ఇంగ్లండ్‌లోని హల్ విశ్వవిద్యాలయంలో కీత్ హెర్న్ అనే పరిశోధకుడు, అలన్ వర్స్లీ అనే వ్యక్తిని నిద్రపుచ్చి, కలలో ఎరుక రాగానే కళ్లను కుడికీ ఎడమకూ ముందే అనుకున్న లెక్క ప్రకారం తిప్పమన్నాడు. ఒళ్లంతా కదలకపోయినా కళ్లు కదులుతాయి కదా, ఆ కదలిక యంత్రంలో నమోదైంది. కొన్నేళ్లకు అమెరికాలోని స్టాన్‌ఫర్డ్‌లో స్టీఫెన్ లాబర్జ్ విడిగా ఇదే పని చేసి 1981లో ప్రచురించాడు. అప్పటినుంచి ఈ రంగంలో గట్టి సాక్ష్యం అంటే ఈ కంటి సైగే. పొద్దున లేచాక "వచ్చిందనుకుంటా" అనడం దానికంటే చాలా బలహీనమైన సాక్ష్యం. ప్రకటనల్లో అంకెలు కనబడినప్పుడల్లా ఆ రెండింటిలో అది ఏ రకందో చూడండి.

మూడోది ఒంటికీ మనసుకూ ప్రమాదం. నాలుగోది ఇల్లు. ఒకే గదిలో ముగ్గురు పడుకునే ఇంట్లో నాలుగున్నరకు అలారం పెడితే లేచేది మీరొక్కరే కాదు. ఖర్చును చివర పెడతాను, ఎందుకంటే బాగా పనిచేసేవి చవకవే.

ఇవన్నీ ఎలా ఉన్నా, ఏ దారికైనా ఒక ప్రవేశ పరీక్ష ఉంది: కలలు గుర్తుండాలి. వారంలో మూడు నాలుగు కలలైనా గుర్తులేనివాళ్లు మాస్కుల గురించి, యాప్‌ల గురించి ఇంకా ఆలోచించొద్దు. తలగడ పక్కన ఒక నోటుబుక్కు, పెన్ను పెట్టుకోండి. మెలకువ రాగానే ఒళ్లు కదల్చకుండా, ఫోన్ ముట్టుకోకుండా, "ఇప్పటిదాకా ఎక్కడున్నాను?" అని మనసులో వెనక్కి వెళ్లండి. ఒక ముఖమో ఒక గదో చేతికి చిక్కితే చాలు, దాన్ని పట్టుకుని మిగతాది వస్తుంది. రాసేయండి. రెండు మూడు వారాల్లో చాలామందికి కలలు గుర్తుండటం పెరుగుతుంది. మీ కలల్లో పదే పదే వచ్చే వింతలు కూడా ఆ పుస్తకంలోనే బయటపడతాయి. తర్వాత చెప్పబోయే పద్ధతులకు ముడిసరుకు అవే.

## మొదటి దారి: మధ్యలో లేచి, సంకల్పంతో మళ్లీ పడుకోవడం

మైల్డ్ అని పిలిచే ఈ పద్ధతిని లాబర్జ్ 1980లో వివరించాడు. ఇన్నేళ్లయినా దీన్ని దాటింది పెద్దగా లేదు. దీని వెనక సూత్రం మనం రోజూ వాడేదే. దారిలో మందుల షాపు కనబడగానే అమ్మకు బీపీ మాత్రలు కొనాలని పొద్దున అనుకుంటాం, సాయంత్రం షాపు కనబడగానే గుర్తొస్తుంది. భవిష్యత్తులో ఫలానా సమయానికి ఫలానాది గుర్తు రావాలని మనసుకు అప్పజెప్పడం. ఇక్కడ అప్పజెప్పేది ఒక్క మాట: కలగంటున్నప్పుడు కలగంటున్నానని గుర్తురావాలి.

చేసే తీరు ఇది. పడుకున్న ఐదు గంటలకు అలారం పెట్టుకోవాలి. లేచి, మంచినీళ్లు తాగి, కాసేపు మెలకువగా ఉండాలి. మళ్లీ పక్కమీదికి చేరి, ఇంతకుముందు వచ్చిన కలను గుర్తుచేసుకోవాలి. పదో తరగతి లెక్కల పరీక్ష హాలు అనుకోండి. పేపరు చేతిలో ఉంది, ఒక్క ముక్కా రావడం లేదు, గంట కొట్టేస్తున్నారు. ఇన్విజిలేటరు కుర్చీలో ఎప్పుడో చనిపోయిన తాతయ్య కూర్చుని ఉన్నాడు. కలలో అది వింతగా తోచలేదు. ఇప్పుడు కళ్లు మూసుకుని అదే హాల్లోకి మళ్లీ వెళ్లాలి. తాతయ్యను చూడాలి. ఈసారి అక్కడ ఆగి, "తాతయ్య లేడు కదా, అయితే ఇది కలే" అని తనకు తెలిసినట్టు ఊహించుకోవాలి. ఆ తర్వాత కలలో ఏం చేయాలనుకున్నారో అది చేసినట్టు కూడా. మధ్యమధ్య "ఈసారి కలగంటున్నప్పుడు, ఇది కల అని గుర్తుంచుకుంటాను" అని నిజంగా ఉద్దేశిస్తూ అనుకోవాలి. నిద్ర ముంచుకొచ్చేదాకా ఇదే తిప్పితిప్పి చేయాలి. అన్నం తింటూ టీవీ చూస్తున్నట్టు యాంత్రికంగా జపిస్తే ఫలితం ఉండదు.

ఆస్ట్రేలియాలో డెన్హోమ్ ఆస్పీ అనే పరిశోధకుడు 2017లో ప్రచురించిన అధ్యయనంలో పగటి పరీక్షలు, మధ్యలో లేవడం, మైల్డ్ మూడూ కలిపి చేసినవాళ్లకు వారం రోజుల్లో సగటున 17 శాతం ప్రయత్నాలు ఫలించాయి. అందులో నాకు బాగా విలువైనదిగా తోచిన అంకె ఇంకొకటి ఉంది. మైల్డ్ పూర్తిచేసిన ఐదు నిమిషాల్లోపే కన్నంటుకున్నవాళ్లలో అది 46 శాతం దాకా వెళ్లింది. అంటే మధ్యలో గంటసేపు లేచి కూర్చోవడం అందరికీ మేలు కాదు. త్వరగా నిద్రపట్టేవాళ్లు పదిహేను, ఇరవై నిమిషాలు మెలకువగా ఉండొచ్చు. ఒకసారి లేస్తే మళ్లీ కునుకు పట్టనివాళ్లు ఐదు నిమిషాలు కూడా ఉండొద్దు, పక్కమీదనే చేసుకోండి.

పగటి పరీక్షలంటే రోజులో కొన్నిసార్లు "ఇది కలా?" అని నిజంగా అడిగి చూసుకోవడం. ముక్కు మూసుకుని ఊపిరి పీల్చి చూడటం వాటిలో నమ్మకమైనది. కలలో అయితే ముక్కు మూసినా గాలి ఆడుతూనే ఉంటుంది. ఏదైనా బోర్డు చదివి, చూపు తిప్పి మళ్లీ చదవడం ఇంకొకటి. కలలో అక్షరాలు మారిపోతుంటాయి. ఈ పరీక్షలు ఒక్కటే చేస్తే ఫలితం తక్కువ. మైల్డ్‌కు తోడైతేనే అందం.

దీని బలహీనత ఒక్కటే, కానీ పెద్దది: నిద్ర ముక్కలవుతుంది. రోజూ చేసేది కాదు. మర్నాడు సెలవున్న రాత్రి, వారానికి ఒకటి రెండుసార్లు చాలు.

## దీని చుట్టాలు రెండు

సిల్డ్ అనే పద్ధతిలో సంకల్పం, ఊహ ఏమీ ఉండవు. తెల్లవారుజామున లేచి మళ్లీ పడుకున్నాక, మూసిన కళ్ల ముందున్న చీకటి మీద కొన్ని క్షణాలు, చెవులకు వినబడేవాటి మీద కొన్ని క్షణాలు, ఒంటికి తెలిసే స్పర్శ మీద కొన్ని క్షణాలు ధ్యాస పెడుతూ చక్రంలా తిరగాలి. 355 మందితో జరిపి 2020లో వెలువరించిన ఆస్పీ తర్వాతి అధ్యయనంలో ఇది మైల్డ్‌తో దాదాపు సమానంగా నిలిచింది, రెండూ 16, 17 శాతం దగ్గర. ఊహాచిత్రాలు సరిగా రానివాళ్లకు, ఒకే వాక్యం అనుకుంటూ ఉంటే చిరాకెత్తేవాళ్లకు ఇదే నా సలహా.

వైల్డ్ అనేది వేరే కథ. మెలకువలోంచి ఎరుక తెగకుండా నేరుగా కలలోకి జారడం. ఒళ్లు నిద్రపోతుంటే మనసు మాగన్నుగా కనిపెట్టుకుని ఉండాలి. టిబెట్ బౌద్ధంలో నరోపా ఆరు యోగాల్లో స్వప్నయోగం ఒకటి, పతంజలి కూడా స్వప్ననిద్రాజ్ఞానాన్ని ధ్యానానికి ఆలంబనగా చెప్పాడు. ధ్యానం ఏళ్లుగా అలవాటున్నవాళ్లను ఈ దారి ఆకర్షించడం సహజం. కొత్తవాళ్లకు మాత్రం చెప్పాల్సిన మాట ఉంది. ఒళ్లు చచ్చుబడటం మెలకువలోనే తెలిస్తే అది నిద్ర పక్షవాతంలా ఉంటుంది. గుండెల మీద ఎవరో కూర్చున్నట్టు, ఊపిరాడనట్టు, గదిలో ఇంకెవరో ఉన్నట్టు. మన ఊళ్లలో దయ్యం పట్టి నొక్కింది అనేది చాలావరకు ఇదే. ప్రాణానికి ముప్పు లేదు, నిమిషంలోనో రెండు నిమిషాల్లోనో పోతుంది, కానీ ముందే తెలియనివాళ్లు బాగా భయపడతారు. ఆ భయం ఉన్నవాళ్లు ఈ దారి వదిలేయండి.

## రెండో దారి: వెలుతురు మాస్క్

కళ్లకు కట్టుకునే మెత్తటి మాస్క్, లోపలివైపు చిన్న ఎర్ర ఎల్ఈడీలు. మీరు కలగంటున్నప్పుడు అవి మెల్లగా మిణుకుతాయి. మూసిన రెప్పల్లోంచి ఆ వెలుగు కలలోకి చేరుతుంది. లాబర్జ్ బృందమే డ్రీమ్‌లైట్ అనే యంత్రం తయారుచేసి, వాడినవాళ్లకు తెలియకుండా కొన్ని రాత్రులు వెలుగిచ్చి కొన్ని రాత్రులు ఇవ్వకుండా పోల్చి చూసింది. వెలుగిచ్చిన రాత్రుల్లో లూసిడ్ డ్రీమ్‌లు ఎక్కువ. 1990లలో వచ్చిన నోవాడ్రీమర్ దానికి చిన్నతమ్ముడు. అందులో కంటి కదలికను కనిపెట్టే ఇన్‌ఫ్రారెడ్ సెన్సర్ ఉండేది.

మాస్క్‌లలో అసలు తేడా ఇక్కడే ఉంది. 2012లో కిక్‌స్టార్టర్ అనే చందాల వెబ్‌సైట్‌లో పెట్టిన రెమీ అనే మాస్క్ బాగా పేరు తెచ్చుకుంది, కానీ అందులో సెన్సర్ లేదు. గడియారం మాత్రమే. పడుకున్న కొన్ని గంటల తర్వాత, ఈపాటికి మీరు రెమ్‌లో ఉండొచ్చు అన్న అంచనాతో వెలుగుతుంది. గాఢనిద్రలో వెలిగితే వృథా, పలచని నిద్రలో వెలిగితే మెలకువ. చవక మాస్క్‌లన్నీ ఇలాంటివే. సెన్సర్ ఉన్నది, లేనిది రెండూ ఒకే ధరకు దొరకవు.

మాస్క్ కొన్నవాళ్లు నిరాశపడేది వెలుగు అందక కాదు. అందిన వెలుగు కలలో మారువేషం వేసుకుని వస్తుంది. ముందు వెళ్తున్న లారీ బ్రేక్ లైట్లవుతుంది, పెళ్లిపందిట్లో సీరియల్ సెట్టవుతుంది, అంబులెన్స్ మీది దీపమవుతుంది. కల దాన్ని తన కథలో కలిపేసుకుంటుంది, మీరు ఆ కథలో సాగిపోతారు. అందుకే మాస్క్ కొన్నవాళ్లు పగలు చేయాల్సిన పని ఒకటుంది. సిగ్నల్ దగ్గర ఎర్రలైటు పడ్డా, ముందున్న బండి బ్రేక్ వేసినా, రూటర్ మీద దీపం మిణికినా ప్రతిసారీ ముక్కు మూసి ఊపిరి పీల్చి చూడాలి. ఎరుపు కనబడితే అనుమానించడం చేతికి అలవాటు కావాలి. ఆ పని చేయనివాళ్లకు మాస్క్ ఒట్టి కళ్లగంతలే.

మరికొన్ని చిక్కులున్నాయి. పక్కకు తిరిగి పడుకునేవాళ్లకు ఒత్తుకుంటుంది. మే నెలలో కరెంటు పోయిన రాత్రి ముఖమంతా చెమట. మూర్ఛ ఉన్నవాళ్లు, మిణుకు లైట్లకు తలనొప్పి వచ్చేవాళ్లు అసలు వద్దు. పక్కవాళ్లకు ఇబ్బంది లేకపోవడం మాత్రం మెచ్చుకోవాల్సిన గుణం.

## మూడో దారి: శబ్దం, యాప్

అన్ని సాంకేతిక దారుల్లో నాకు ఎక్కువ నమ్మకం ఉన్నది దీని మీదే, ఎందుకో కొంచెం విడమర్చి చెబుతాను.

19వ శతాబ్దపు ఫ్రెంచి పండితుడు ఎర్వే ద సెయిన్-దెనీ తన కలల మీద తానే ప్రయోగాలు చేసుకున్నాడు. ఒక ప్రాంతంలో విడిది చేసినన్నాళ్లు ఒకే అత్తరు వాడి, తిరిగొచ్చాక ఆ సీసా మూసేశాడు. కొన్ని నెలల తర్వాత, ఏ రాత్రో తనకు చెప్పకుండా, నిద్రపోతున్నప్పుడు తలగడ మీద ఆ అత్తరు చుక్కలు వేయమని పనివాడికి పురమాయించాడు. ఆ రాత్రి కలలో ఆ ఊరే కనబడింది. మెలకువలో ఒక గుర్తుకు ఒక అర్థం అంటగట్టి, నిద్రలో ఆ గుర్తునే అందిస్తే అర్థం కూడా వస్తుంది.

అమెరికాలో నార్త్‌వెస్టర్న్ విశ్వవిద్యాలయంలో కెన్ పాలర్ బృందం చేస్తున్నది దీన్నే, అత్తరు బదులు శబ్దంతో. పడుకునే ముందు కొంతసేపు శిక్షణ ఉంటుంది: ఒక మెత్తటి శబ్దం వినబడగానే చుట్టూ చూడు, ఒంటిని గమనించు, ఇది కలేమో చూడు. నిద్రపోయాక అదే శబ్దం సన్నగా వినిపిస్తారు. మిషెల్ కార్ తదితరులు 2020లో వెలువరించిన ఇలాంటి ప్రయోగంలో శబ్దం, వెలుగు రెండూ వాడి, ఒకే ఒక్క ఉదయపు కునుకులో సైగలందుకున్నవాళ్లలో సగం మందికి కంటి సైగతో రుజువైన లూసిడ్ డ్రీమ్ వచ్చింది. 2021లో అమెరికా, ఫ్రాన్స్, జర్మనీ, నెదర్లాండ్స్ ల్యాబులు కలిసి, కలగంటున్నవాళ్లను "ఎనిమిదిలోంచి ఆరు తీసేస్తే ఎంత?" లాంటి ప్రశ్నలడిగి, కంటి, ముఖ కండరాల కదలికలతో జవాబులు రాబట్టాయి. అందరూ చెప్పలేదు, సరైన జవాబులు అడిగినవాటిలో ఐదోవంతు కూడా లేవు. అయినా కల లోపలికి మాట చేరుతుందని, లోపలినుంచి జవాబు వస్తుందని తేలిపోయింది.

ల్యాబులో పనిచేసింది ఇంట్లో పనిచేస్తుందా? పాలర్ బృందం 2024లో ఫోన్ యాప్‌తో చూసింది. పడుకున్న ఆరు గంటల తర్వాత ఫోన్ దానంతట అదే శిక్షణ శబ్దం వినిపిస్తుంది. తలకు తీగల్లేవు, సెన్సర్లు లేవు. వాడినవాళ్లకు వారానికి సగటున 0.74 లూసిడ్ డ్రీమ్‌లు వచ్చేవి 2.11కి పెరిగాయి. ఆ ప్రయోగంలో పాల్గొన్నవాళ్లలో చాలామంది అప్పటికే ఈ విషయం మీద ఆసక్తి ఉన్నవాళ్లని మర్చిపోవద్దు. ఏ సాధనా లేనివాళ్లకు ఇదే ఫలితం వస్తుందని అనుకోవద్దు.

దీని సుగుణం చవకదనం, ఇంకా నిద్రను ముక్కలు చేయకపోవడం. అలారం పెట్టి లేవక్కర్లేదు. శబ్దం ఎంత ఉండాలన్నదే అసలు పని. తక్కువైతే ఫ్యాను చప్పుడులో కలిసిపోతుంది, ఎక్కువైతే లేపేస్తుంది. తలగడ కింద పెట్టుకునే పలచని స్పీకరు మంచిది, పక్కవాళ్లకు వినబడదు. చెవుల్లో ఇయర్‌బడ్స్ పెట్టుకుని రాత్రంతా పడుకుంటే చెవి నొప్పి వస్తుంది. ఏ యాప్ ఎంచుకున్నా రెండు చూడండి: పడుకునే ముందు శిక్షణ ఇస్తుందా, శబ్దం ఎన్ని గంటల తర్వాత మోగాలో మార్చుకోనిస్తుందా. శిక్షణ లేకుండా రాత్రంతా సంగీతం వినిపించే యాప్‌లకు ఈ పరిశోధనతో సంబంధం లేదు.

## నాలుగో దారి: మాత్రలు

గాలంటమైన్ గురించి చదివే ఉంటారు. అల్జీమర్స్ రోగులకు ఇచ్చే మందు. మెదడులో ఎసిటైల్‌కోలిన్‌ను నిలబెడుతుంది, రెమ్ నిద్రకు ఆ రసాయనంతో దగ్గరి సంబంధం ఉంది. లాబర్జ్, బెంజమిన్ బేర్డ్ తదితరులు 121 మందితో జరిపి 2018లో ప్రచురించిన ప్రయోగంలో మందు లేని ఉత్తుత్తి మాత్ర వేసుకున్న రాత్రి 14 శాతం, 4 మిల్లీగ్రాములతో 27 శాతం, 8 మిల్లీగ్రాములతో 42 శాతం మందికి లూసిడ్ డ్రీమ్ వచ్చింది. అంకెలు నిజంగా బలమైనవే. ఒక సంగతి గమనించండి: వాళ్లందరూ తెల్లవారుజామున లేచి, మైల్డ్ కూడా చేశారు. ఒట్టి మాత్ర ఫలితం కాదిది.

అయినా దీన్ని నేను ఎవరికీ సూచించను. వికారం, వాంతులు, నిద్ర చెడటం మామూలు. గుండె వేగం పడిపోయే ప్రమాదం ఉంది. ఆస్తమా, గుండె లయ సమస్యలు, కడుపులో పుండ్లు ఉన్నవాళ్లకు ఇంకా ముప్పు. అమెరికాలో సప్లిమెంటుగా అమ్ముతున్నారని ఇక్కడికి తెప్పించుకునేవాళ్లున్నారు. మన దేశంలో ఇది డాక్టరు చీటీ మీద ఇవ్వాల్సిన మందు, ఆరోగ్యంగా ఉన్నవాళ్లు ఒక కల కోసం వేసుకోవాల్సింది కాదు.

విటమిన్ బి6 కలలు గుర్తుండటానికి కొంత సాయపడిందని ఆస్పీ 2018 ప్రయోగం చూపింది. అక్కడ వాడింది 240 మిల్లీగ్రాములు, మనిషికి రోజుకు కావాల్సినదానికంటే ఎన్నో రెట్లు. అంత మోతాదు ఎక్కువ కాలం వాడితే నరాలు దెబ్బతిని చేతులు, కాళ్లు తిమ్మిరెక్కుతాయి. అదే ఫలితం నోటుబుక్కు ఇస్తుంది.

## ఐదో దారి: మెదడుకు కరెంటు, అల్ట్రాసౌండ్

2014లో జర్మనీకి చెందిన ఊర్సులా వోస్ బృందం నిద్రలో నుదుటి మీదుగా 40 హెర్ట్జ్ బలహీన విద్యుత్తు పంపితే 77 శాతం కలల్లో ఎరుక కనబడిందని ప్రకటించింది. అప్పటినుంచి ఆ అంకె ఎన్నో యంత్రాల ప్రకటనల్లో వాడుకుంటున్నారు. లోతుగా చూస్తే, ఆ ఎరుకను కంటి సైగతో తేల్చలేదు. లేచాక నింపిన ప్రశ్నావళిలో మార్కులు పెరిగితే లూసిడ్‌గా లెక్కేశారు. నేను మొదట చెప్పిన రెండో కొలత ఇక్కడే అక్కరకొస్తుంది.

ప్రొఫెటిక్ అనే అమెరికన్ సంస్థ 2023లో అల్ట్రాసౌండ్ తలపట్టీ ఆలోచన ముందుకు తెచ్చింది, ధర 1500 నుంచి 2000 డాలర్ల మధ్య అన్న మాట వినబడింది. బయటి పరిశోధకులు పరీక్షించి, కంటి సైగలతో రుజువు చేసిన ఫలితాలు ప్రచురించేదాకా ఇలాంటివాటికి ముందస్తు డబ్బు కట్టొద్దు. ఇంట్లో బ్యాటరీ, తీగలతో సొంతంగా కట్టుకునే ప్రయత్నాలైతే ఇక చెప్పనక్కర్లేదు. 2023లో మైఖేల్ రాడుగా అనే రష్యన్ పరిశోధకుడు కలలను నియంత్రించాలని తన పుర్రెకు తానే రంధ్రం చేసుకుని ఎలక్ట్రోడ్ పెట్టుకున్నాడు. ప్రాణంతో బయటపడ్డాడు. ఈ కోరిక మనిషిని ఎంత దూరం తీసుకెళ్తుందో తెలుసుకోవడానికే ఇది చెబుతున్నాను.

## పక్కపక్కన పెట్టి చూస్తే

| దారి | నిద్ర మీద భారం | రుజువు | ప్రమాదం | ఖర్చు | పక్కవాళ్లకు |
|---|---|---|---|---|---|
| మైల్డ్, మధ్యలో లేచి | ఎక్కువ | గట్టిది | తక్కువ | లేదు | అలారం ఇబ్బంది |
| సిల్డ్ | ఎక్కువ | మైల్డ్‌కు సమానం | తక్కువ | లేదు | అలారం ఇబ్బంది |
| వైల్డ్ | మధ్యస్థం | తక్కువ | నిద్ర పక్షవాతం భయం | లేదు | లేదు |
| సెన్సర్ మాస్క్ | మధ్యస్థం | ఓ మాదిరి | మూర్ఛ ఉంటే వద్దు | ఎక్కువ | లేదు |
| టైమర్ మాస్క్ | మధ్యస్థం | బలహీనం | మూర్ఛ ఉంటే వద్దు | ఓ మాదిరి | లేదు |
| శిక్షణతో శబ్దం యాప్ | తక్కువ | గట్టిపడుతోంది | తక్కువ | తక్కువ | స్పీకరును బట్టి |
| గాలంటమైన్ | ఎక్కువ | గట్టిది | ఎక్కువ | ఓ మాదిరి | అలారం ఇబ్బంది |
| కరెంటు, అల్ట్రాసౌండ్ | తెలియదు | బలహీనం | తేలలేదు | చాలా ఎక్కువ | లేదు |

## మీరెవరు అన్నదాన్ని బట్టి

ఎనిమిది గంటలు హాయిగా నిద్రపోయే అదృష్టం ఉండి, శని ఆదివారాలు చేతిలో ఉన్నవాళ్లు మైల్డ్‌తో మొదలుపెట్టండి. నెలా రెండు నెలలు చేశాక, మధ్యలో లేవడం బరువనిపిస్తే శబ్దం యాప్ కలుపుకోండి. మాస్క్ ఆ తర్వాతి మాట.

గ్రూప్స్‌కో నీట్‌కో చదువుతున్నవాళ్లు పరీక్ష అయ్యేదాకా ఆగండి. చదివింది మెదడులో కుదురుకోవడానికి ముక్కలు కాని నిద్ర కావాలి. కలల పుస్తకం రాసుకోవడం వరకు మంచిదే.

రాత్రి షిఫ్టులో పనిచేసి పొద్దున ఏడింటికి పడుకునేవాళ్లకు "పడుకున్న ఐదు గంటలకు" అన్న లెక్క కుదరదు. రెమ్ నిద్రకు ఒంట్లోని గడియారంతో ముడి ఉంది, తెల్లవారుజామున, ఉదయాన దాని ఒత్తిడి ఎక్కువ. పొద్దున పడుకునేవాళ్లకు అది తొందరగానే వచ్చేస్తుంది. యాప్ వాడితే శబ్దం ఇంకా తొందరగా మోగేలా మార్చి చూసుకోండి. షిఫ్టులు వారానికోసారి మారుతుంటే మాత్రం నిద్ర కుదుటపడేదాకా దీని జోలికే వెళ్లొద్దు.

పసిపిల్లలున్న తల్లులకు రాత్రి ఎలాగూ మూడుసార్లు మెలకువ తప్పదు. విడిగా అలారం పెట్టుకోవద్దు. నాలుగింటికి పాలిచ్చి మళ్లీ తల వాల్చినప్పుడు, ఇష్టమైతే, సంకల్ప వాక్యం అనుకుంటూ నిద్రలోకి జారండి. లేకపోతే ఊరికే పడుకోండి, ఆ నిద్రే ముఖ్యం.

స్కిజోఫ్రేనియా, బైపోలార్ లాంటివి ఉన్నవాళ్లు, కలకూ నిజానికీ మధ్య గీత అప్పుడప్పుడూ చెరిగిపోయేవాళ్లు ఈ సాధన ఏదీ డాక్టరుతో మాట్లాడకుండా మొదలుపెట్టొద్దు. "ఇది కలా?" అని రోజంతా అడుగుతూ ఉండటమే వాళ్లకు హాని చేయొచ్చు.

పీడకలలతో బాధపడేవాళ్ల గురించి కొంచెం ఎక్కువ చెప్పాలి, ఎందుకంటే ఈ విద్య నిజంగా అక్కరకొచ్చేది వాళ్లకే. తరుముతున్నదాన్ని చూసి పారిపోకుండా, ఇది కల అని తెలిసి వెనక్కి తిరిగి నిలబడటం చాలామందికి మేలు చేసింది. కానీ దానికంటే ముందు ప్రయత్నించాల్సింది ఇంకొకటి ఉంది, లూసిడ్ డ్రీమ్ అవసరం లేనిది. పీడకలను పగలు కాగితం మీద రాసి, దాని ముగింపును మీకు నచ్చినట్టు మార్చి, మార్చిన కథను రోజూ కొన్ని నిమిషాలు మనసులో నడిపించుకోవడం. మానసిక వైద్యులు దీన్ని చికిత్సగానే చేయిస్తారు, రుజువు కూడా బలంగా ఉంది. ఒక ప్రమాదమో దాడో తర్వాత మొదలైన పీడకలలైతే ఒంటరిగా ఏదీ చేయొద్దు, వైద్యుల తోడు తీసుకోండి.

ఇవన్నీ చదివాక కూడా ఏదో ఒక యంత్రం కొనాలని నిశ్చయించుకుంటే, డబ్బు కట్టే ముందు అమ్మేవాళ్లను నాలుగు అడగండి. నేను రెమ్‌లో ఉన్నానని ఇది దేన్ని బట్టి కనిపెడుతుంది? కంటి సైగతో రుజువైన ఫలితాలు ఎవరు, ఎక్కడ ప్రచురించారు? వెలుగు, శబ్దం ఎంత ఉండాలో నేను తగ్గించుకోవచ్చా? నెలలోపు నచ్చకపోతే వాపసు తీసుకుంటారా? మొదటిదానికి "అల్గోరిథం" అని మాత్రమే జవాబొస్తే అది టైమరే అనుకుని, టైమర్‌కు తగ్గ ధరే కట్టండి.